తిరుపతిరావు బత్తా

నన్ను ముంచినవాడికి నేను మూడు నెలలు అన్నం పెట్టాను. మాటవరసకి అంటున్నది కాదు. రోజుకి రెండున్నర రూపాయల చొప్పున, నెల ముందుగా కోర్టులో డబ్బు కట్టి, రసీదు తీసుకుని మరీ పెట్టాను. మా కొట్టులో పొద్దుట్నించి సాయంత్రం దాకా దబ్బనం పట్టుకుని గోతాలకి మాసికలు వేసే ఆడవాళ్ళకి నేనిచ్చే కూలి రోజుకి రెండు రూపాయలు. జైల్లో కాళ్ళు చాపుకుని కూర్చున్న తిరుపతిరావుకి రెండున్నర. ఈ చట్టం రాసినవాడు ఎవడో గానీ, జన్మలో ఎవరికీ అప్పిచ్చి ఉండడు.

నా పేరు తెరేసమ్మ. బెజవాడ వన్ టౌన్‌లో గోతాల కొట్టు మాది. పాత గోతాలు కొని, దులిపి, చిరుగులకి మాసికలు వేయించి, కోతల కాలంలో రైసుమిల్లులకి అమ్ముతాం. దుమ్ము తిని బతికే వ్యాపారం. మా ఆయన ఇన్నాసయ్య ఇరవై ఏళ్ళు ఆ దుమ్ము తిని, చివరికి దగ్గుతో పోయాడు. పిల్లల్లేరు. కొట్టూ, భవానీపురంలో ఆయన కట్టిన రెండు గదుల పెంకుటిల్లూ నాకు మిగిలాయి.

మా వ్యాపారంలో కాయితాలు తక్కువ. సరుకు లెక్కపెట్టుకుని బండికెత్తించుకుంటే కొన్నట్టు. ఎవరైనా ఒక షరతు చెప్పి డబ్బు ముందు పెడితే, కిమ్మనకుండా లెక్కపెట్టి గల్లాపెట్టెలో వేసుకుంటే ఆ షరతు ఒప్పుకున్నట్టు. ఇష్టం లేకపోతే డబ్బు ముట్టుకోకూడదు. ఇన్నాసయ్య బతికున్నన్నాళ్ళూ ఒక్కడు కూడా ఆ పద్ధతి తప్పలేదు. తప్పేవాళ్ళంతా ఆయన ఎప్పుడు పోతాడా అని కాచుకుని ఉన్నారేమో నాకు తెలియదు.

అరవై తొమ్మిది డిసెంబరులో తిరుపతిరావు మా కొట్టుకి వచ్చాడు. ఉయ్యూరు దగ్గర పల్లెలో వాడికి రైసుమిల్లుంది. చలవ చేసిన పంచె, వేళ్ళకి మూడు ఉంగరాలు.

"తెరేసమ్మగారూ, ఇన్నాసయ్యగారు నాకు సొంత అన్నలాంటివారండీ" అన్నాడు.

ఆ అన్న ఆసుపత్రిలో పడి ఉన్నప్పుడు ఈ తమ్ముడు పలకరించిన పాపాన పోలేదు. అయినా మెత్తబడ్డాను. మొగుడు పోయిన ఆడదాన్ని ఎవరైనా గారూ, అండీ అంటే చెవులకి హాయిగానే ఉంటుంది. మూడు వేల గోతాలు, ఒకటీ నలభై చొప్పున నాలుగు వేల రెండు వందలు. నూర్పిళ్ళవగానే ఇచ్చేస్తానన్నాడు. అన్ని గోతాలు నా దగ్గర లేవు. ఇల్లు మాణిక్యంగారి దగ్గర నాలుగు వేలకి తాకట్టు పెట్టి సరుకు కొన్నాను. లారీ డ్రైవరు లాజరు రెండు ట్రిప్పుల్లో తోలి, తిరుపతిరావు మిల్లులో దింపి వచ్చాడు.

నూర్పిళ్ళయ్యాయి. మళ్ళీ నాట్లు పడ్డాయి. డబ్బు రాలేదు. నేనే ఉయ్యూరు బస్సెక్కి మిల్లుకి వెళ్ళాను. తిరుపతిరావు కుర్చీలోంచి లేవలేదు. గారూ లేదు, అండీ లేదు.

"గోతాలా? ఏ గోతాలు?" అన్నాడు. "కాయితం ఉందా?"

నాలుగు మాటలు. ఆ నాలుగు మాటలు పట్టుకుని నేను నాలుగేళ్ళు తిరిగాను.

మునసబు కోర్టులో దావా వేయించాను. మా ప్లీడరు సంజీవరావుగారు మంచివాడే, కానీ మెల్లగా మాట్లాడే మనిషి. తిరుపతిరావు ప్లీడరు గొంతు మాత్రం కృష్ణ అవతలి ఒడ్డుకి వినిపిస్తుంది. నన్ను బోనెక్కించి, "మూడు వేల గోతాలిచ్చానంటున్నారు. కాయితం ఉందా?" అని అరిచాడు. "లేదండీ" అన్నాను. "ప్రోనోటు?" "లేదండీ." "పోనీ, ఒక చిత్తు ముక్క?" "లేదండీ." వెనక బెంచీల మీద ఎవరో నవ్వారు. ఆ నవ్వు నాకింకా గుర్తుంది.

కానీ పై దేవుడు ఊరుకోడు. మా ఆడవాళ్ళు మాసిక వేసినప్పుడు మూలన ఎర్ర పురికొసతో చిన్న సిలువ కుడతారు. ఎవరి కూలి ఎంతో లెక్క తేలడానికి ఇన్నాసయ్య పెట్టిన గుర్తు అది. కోర్టు కమిషనరు చెప్పకుండా మిల్లుకి వెళ్ళి గోడౌను తెరిపిస్తే, దొంతర్ల నిండా ఎర్ర సిలువలే. లాజరు కూడా ట్రిప్పుల సంగతి చెప్పాడు. డెబ్భై మూడు జూలైలో డిక్రీ వచ్చింది. వడ్డీ, ఖర్చులు కలిపి అయిదు వేల మూడు వందలు.

గెలిచాననుకున్నాను. గెలవడం వేరు, రాబట్టుకోవడం వేరు. దావా పడిన వారానికే తిరుపతిరావు మిల్లూ, మేడా, పదెకరాల మాగాణీ భార్య ఛాయాదేవి పేరున రాసేశాడు. జప్తుకి కోర్టు అమీనుగారితో నేనూ వెళ్ళాను. గుమ్మంలో ఛాయాదేవి నిలబడింది. పొడుగ్గా, తెల్లగా, మెడ నిండా బంగారంతో ఉంది.

"ఇక్కడున్నవన్నీ నావి" అంది అమీనుతో. తర్వాత నా వంక చూసింది. "ఆయనవంటే ఆ ఒంటిమీద బట్టలే. కావాలంటే అవి ఊడదీసుకుపోవే."

అమీను లోపలికి వెళ్ళి చూసి వచ్చాడు. వంటపాత్రలు, మంచాలు, కట్టుబట్టలు. అవి చట్టం ముట్టుకోనివ్వదట. జప్తుకి ఏమీ లేదని రాసుకున్నాడు. నేను మెట్లు దిగి వీధిలోకి వచ్చేసరికి వెనక చప్పుడు వినిపించింది. తిరిగి చూశాను. పనిమనిషి చేత బిందెడు నీళ్ళు తెప్పించి, నేను తొక్కిన మెట్లు మూడూ కడిగిస్తోంది ఛాయాదేవి. అమీను నేల చూపులు చూశాడు. నా ఒళ్ళు మండిపోయింది. దేవుడు శత్రువుల్ని ప్రేమించమన్నాడు, నాకు తెలుసు. ఆ మెట్లు ఆయన చూడలేదు.

అప్పటికి మాణిక్యంగారు మూడుసార్లు గడువు పెంచారు. నాలుగోసారి కొట్టుకొచ్చి, నిలబడే చెప్పారు.

"తెరేసమ్మా, నేనూ వ్యాపారస్తుణ్ణే కదా. వచ్చే పాస్కా పండక్కి, అదే ఈస్టరుకి, నా డబ్బు నాకు రావాలి. లేకపోతే భవానీపురం ఇల్లు ఖాళీ చెయ్యి. ఇంక నన్నడక్కు."

ఇన్నాసయ్య ప్రతి ఇటికా తను మోసి కట్టిన ఇల్లు. నేను సంజీవరావుగారి ఆఫీసుకి పరుగెత్తాను.

"ఒక్క దారి ఉందమ్మా" అన్నారాయన. "దావా పడ్డాక ఆస్తి తప్పించాడు కాబట్టి అరెస్టు చేయించవచ్చు. సివిల్ జైలు. ఆరు నెలలదాకా ఉంచవచ్చు. పరువు గల మనిషి ఒక వారం కూడా ఉండలేడు, భార్య చేత కట్టించి బయటికొస్తాడు. కాకపోతే..."

"కాకపోతే?"

"బత్తా మీరే కట్టాలి. అంటే జైల్లో అతని తిండి ఖర్చు. ప్రతి నెలా ఎనిమిదో తేదీ లోపల, ముందుగా. ఒక్కరోజు తప్పినా వదిలేస్తారు. ఇదే డిక్రీ మీద మళ్ళీ పట్టుకోవడానికి ఉండదు."

"వాడు నా డబ్బు తిన్నాడండీ. ఇప్పుడు నా అన్నం కూడా తినాలా?"

"చట్టం అలా ఉందమ్మా" అని సంజీవరావుగారు కళ్ళజోడు తుడుచుకున్నారు.

నవంబరు ఎనిమిదిన తిరుపతిరావుని పట్టుకొచ్చారు. పరువు గల మనిషి అని సంజీవరావుగారు అనుకున్నారు, అక్కడే తప్పారు. కోర్టు వరండాలో వాడు చుట్ట వెలిగించుకుని, నలుగురూ వినేలా నవ్వాడు.

"మా ఇంట్లో ఈమధ్య వంట బాగుండటం లేదే తెరేసమ్మా. నీ ఖర్చుతో ఆరు నెలలు అత్తారింట్లో కూర్చుని తింటాను. ఎవరు ముందు అలిసిపోతారో చూద్దాం."

చూశాం. నెలకి డెబ్భై అయిదు రూపాయలు. డిసెంబరులో నా చెవి కమ్మలు వెళ్ళిపోయాయి. జనవరిలో కుట్టేవాళ్ళలో ఇద్దర్ని మాన్పించాల్సి వచ్చింది. అందులో ఒకామె చంటిపిల్ల తల్లి. వెళ్ళిపోతూ, "వాడికి పెట్టేది మాకు పెట్టొచ్చు కదండీ" అంది.

జైల్లోంచి కబుర్లు మాత్రం ఆగేవి కావు. వార్డరు ఒకడు ఆ దారినే ఇంటికి వెళ్తూ మా కొట్టు ముందు సైకిలాపేవాడు. పప్పులో ఉప్పు తక్కువైందట. మజ్జిగ పల్చగా ఉంటోందట. ఆదివారం గుడ్డు పెట్టించమన్నాడట. మా కొట్టులో అందరికన్నా పెద్దది అమలమ్మ దబ్బనం ఆపకుండానే చెప్పింది.

"ఉప్పు తక్కువైతే ఏడవమను బాబూ. కన్నీళ్ళు పళ్ళెంలో పడితే సరిపోద్ది."

అందరం నవ్వాం. వార్డరు కూడా నవ్వాడు. కానీ బత్తా కట్టడానికి వెళ్ళినప్పుడు జైలు వైపు వెళ్ళి చూస్తే, కమ్మీల వెనక వాడికి బుగ్గలొచ్చాయి. నా జాకెట్లు నాకు వదులయ్యాయి. ఇంత ఖర్చుపెట్టి ఒక మనిషిని బలిపిస్తున్నానే అనుకుంటూ కొట్టుకి తిరిగొచ్చేదాన్ని.

ఫిబ్రవరి మొదటివారంలో నాకు చలిజ్వరం పట్టుకుంది. పెద్దాసుపత్రిలో పడేశారు. అయిదు రోజులు ఒళ్ళు తెలియలేదు. తెలివొచ్చి తేదీ అడిగితే తొమ్మిది అన్నారు. ఎనిమిది దాటిపోయింది. మంచం మీదే ఏడ్చాను. తిరుపతిరావు బయటికి వచ్చేసి ఉంటాడు, ఇంక పట్టుకోవడానికి లేదు, పాస్కా పండక్కి ఇల్లు పోతుంది. ఆ పూట ఇన్నాసయ్యని కూడా తిట్టాను, నన్నొక్కదాన్నీ వదిలి పోయినందుకు.

సాయంత్రం సంజీవరావుగారి గుమాస్తా శౌరయ్య బత్తాయిలు పట్టుకుని వచ్చాడు.

"వాడు వెళ్ళిపోయాడా శౌరయ్యా?"

"ఎక్కడికండీ? లోపలే ఉన్నాడు. బత్తా కట్టేశారుగా."

"ఎవరు కట్టారు? నేనిక్కడ పడున్నాను."

శౌరయ్య జేబులోంచి రసీదు తీసి చూపించాడు. డిక్రీదారు తరఫున కట్టినవారు అని ఉన్నచోట గుండ్రటి అక్షరాలతో సంతకం ఉంది. ఛాయాదేవి.

"నిన్న పదకొండు గంటలకి ఆవిడే మా ఆఫీసుకొచ్చిందండీ. మీరు కట్టారా లేదా అనడిగింది. మీరు ఆసుపత్రిలో ఉన్నారంటే, నాతో పాటు కోర్టుకొచ్చి డెబ్భై అయిదూ కట్టి సంతకం పెట్టి వెళ్ళింది. ఎవరితోనూ అనొద్దంది."

భర్తని విడిపించడానికి డబ్బు కట్టే భార్యని చూశాను గానీ, భర్తని లోపల ఉంచడానికి కట్టే భార్య సంగతి నేను వినలేదు. జ్వరంలో శౌరయ్య మాటలు తప్పుగా వింటున్నానేమో అనుకున్నాను. రసీదు అతని దగ్గర తీసుకుని దిండు కింద పెట్టుకున్నాను.

విభూది బుధవారం నాడు గుళ్ళో నుదుట బూడిద పెట్టించుకుని కొట్టుకి వచ్చేసరికి, లోపల ఛాయాదేవి నిలబడి ఉంది. మెడలో నల్లపూసలు తప్ప బంగారం లేదు. బొడ్లో మాత్రం పెద్ద తాళాల గుత్తి వేలాడుతోంది. కూర్చోమన్నాను, కూర్చోలేదు. అమలమ్మ గ్లాసుతో మంచినీళ్ళు తెచ్చిస్తే, వద్దన్నట్టు చెయ్యి ఊపింది. గ్లాసు బల్లమీద అలాగే ఉండిపోయింది.

"బత్తా మీరెందుకు కట్టారు?" అన్నాను.

"మీరు కట్టకపోతే ఆయన వచ్చేస్తాడని."

"మీ ఆయనే కదా?"

"అందుకే."

గుత్తిని వేళ్ళతో తిప్పింది. నా వంక కాకుండా గోతాల దొంతర వంక చూస్తూ మాట్లాడింది.

"పదిహేనేళ్ళ నించీ నా చేత సంతకాలు పెట్టిస్తున్నాడండీ. ఒక్క కాయితం చదవనివ్వలేదు. అడిగితే చెయ్యి చేసుకునేవాడు. ఆస్తంతా నా పేరున రాశాడు, బీరువా తాళం నా చేతికివ్వలేదు. ఆయన లోపలికెళ్ళాక మొదటిసారి మిల్లు గేటు దాటి లోపలికెళ్ళాను. మూడు నెలల్లో కూలీల బకాయిలు తీర్చాను. ఉగాది వెళ్ళాక బసవయ్యగారికి అయిదేళ్ళకి మిల్లు లీజుకిచ్చేస్తున్నాను. రిజిస్టరై అడ్వాన్సు నా చేతికొస్తే, నా బతుకేదో నేను బతుకుతాను. అందాకా ఆయన బయటికి రాకూడదు."

చేతిసంచీలోంచి పేపరులో చుట్టిన కట్ట తీసి బల్లమీద పెట్టింది.

"మీకు రావాల్సిందంతా ఉంది, అయిదు వేల మూడు వందలు. పైన ఇంకో నూట యాభై, అది రెండు నెలల బత్తా. కోర్టుకి మాత్రం ముట్టిందని ఇప్పుడే చెప్పొద్దు. మే నెల దాకా ఆయన్ని అక్కడే ఉంచండి. అంతే నేనడిగేది."

నేను కట్ట విప్పాను. అమలమ్మ దబ్బనం ఆపి చూస్తోంది. నోరెత్తకుండా నోట్లన్నీ లెక్కపెట్టాను. ఒకసారి కాదు, రెండుసార్లు. గల్లాపెట్టె తెరిచి అందులో వేసి, తాళం వేశాను. ఛాయాదేవి పెద్దగా ఊపిరి వదిలింది. ఆవిడకి బేరం కుదిరింది. వెళ్తూ వెళ్తూ నాకు నమస్కారం పెట్టింది.

ఆ సాయంత్రమే మాణిక్యంగారి అప్పు తీర్చి ఇంటి దస్తావేజులు తెచ్చుకున్నాను. భవానీపురంలో గుమ్మం ముందు కూర్చుని ఆ కాయితాలు ఒళ్ళో పెట్టుకున్నాను. నాలుగేళ్ళ తర్వాత కడుపు నిండా అన్నం తిన్నాను. తిని, చెయ్యి కడుక్కోవడానికి మెట్టు మీద నీళ్ళు పోసుకుంటుంటే ఆ చప్పుడు వినిపించింది. బిందెడు నీళ్ళు, మూడు మెట్లు.

మర్నాడు పొద్దున్నే సంజీవరావుగారి దగ్గరికి వెళ్ళి, డబ్బు మొత్తం ముట్టిందని చెప్పాను.

"మంచిది. వెంటనే కోర్టుకి చెప్పెయ్యాలి" అన్నారు. "బాకీ ముట్టాక మనిషిని ఒక్కపూట లోపల ఉంచినా తప్పమ్మా."

"అందుకే వచ్చానండీ" అన్నాను.

అది సగం నిజం. పాస్కాకి ముందు నలభై రోజుల తపస్సుకాలం మొదలైంది, అన్యాయంగా ఒక మనిషిని బందీగా ఉంచకూడదు, చట్టం ఒప్పుకోదు. ఇవన్నీ ఆయనతో చెప్పాను, నాకు నేను కూడా చెప్పుకున్నాను. అసలు సంగతి వేరు. నన్ను మోసం చేసినవాడు ఒకడు, నా అడుగు పడితే మెట్లు కడిగించింది ఇంకొకతె. ఇద్దరూ ఒకే ఇంట్లో ఉండి ఒకళ్ళనొకళ్ళు పీక్కు తింటే చూడాలనిపించింది. నూట యాభై రూపాయలు మాత్రం ఆ దారిలోనే ఛాయాదేవికి మనియార్డరు చేశాను. పరాయి సొమ్ము పైసా ముట్టలేదని గొప్పగా కూడా ఉండింది నాకు.

శుక్రవారం మధ్యాహ్నం తిరుపతిరావుని వదిలారు. నేను జైలు గేటు దగ్గరే ఉన్నాను. వాడు పంచె సర్దుకుంటూ వచ్చి, నన్ను చూసి పళ్ళన్నీ బయటపెట్టాడు.

"మా ఆవిడ కట్టేసిందటగా! చూశావా? ఆడదంటే అలా ఉండాలి. మొగుడు జైల్లో ఉంటే దానికి ముద్ద దిగలేదు."

శౌరయ్య తెచ్చిచ్చిన మిగులు బత్తా నా చేతిలో ఉంది. ఏడు రోజులది, పదిహేడున్నర. అదీ, ఫిబ్రవరి రసీదూ వాడి చేతిలో పెట్టాను.

"మీ తిండికి కట్టిందాంట్లో మిగిలింది, తీసుకోండి. కట్టింది ఎవరో కింద సంతకం ఉంది చూడండి."

ఆ సంతకం గుర్తుపట్టడానికి వాడికి క్షణం పట్టలేదు. పదిహేనేళ్ళు దగ్గరుండి పెట్టించిన సంతకం కదా.

"ఇది... నన్ను విడిపించడానికి కట్టిందా?"

"కాదు. నేను కట్టలేకపోతే మీరు బయటికొచ్చేస్తారని, లోపలే ఉంచడానికి కట్టింది. మే నెల దాకా ఉంచమని నన్ను బతిమాలింది. విడిపించింది నేనండీ."

వాడి మొహంలో నవ్వు ముందు పోలేదు, రంగు పోయింది. రసీదు నాలుగు మడతలు పెట్టి జేబులో పెట్టుకున్నాడు. బస్టాండు వైపు పెద్ద పెద్ద అంగలు వేసుకుంటూ వెళ్ళిపోయాడు. నాకు సంతోషం వేసింది. అబద్ధమెందుకు, నాలుగేళ్ళ తర్వాత గుండెల నిండా సంతోషం వేసింది. ఆ పూట కొట్టులో అందరికీ మిఠాయి పంచాను. అమలమ్మ ఒక్కతే తీసుకోలేదు.

"ఆవిడ డబ్బు పెట్టెలో వేసుకున్నావు కదమ్మా" అంది, అంతే.

పాస్కాకి వారం ముందొచ్చే మ్రానికొమ్మల ఆదివారానికి ముందు రోజు ఛాయాదేవి మళ్ళీ వచ్చింది. గుమ్మంలో ఆగిపోయింది. బొడ్లో తాళాల గుత్తి లేదు. ఎడమచేతికి మోచేతి దాకా కట్టుంది, పైపెదవి చిట్లి నల్లబడింది. ఈసారి కూర్చోమనకుండానే దుమ్ము గోతాల మీద కూలబడింది.

"కాసిని మంచినీళ్ళిప్పిస్తారా?" అంది.

అమలమ్మ ఇచ్చింది. గ్లాసు రెండు చేతులా పట్టుకోలేక, ఒంటిచేత్తో ఎత్తుకుని గడగడా తాగింది. మా గ్లాసే, మా కుండలో నీళ్ళే.

"తాళాలు లాక్కున్నాడండీ. బసవయ్యగారొస్తే గేటు దగ్గరే తిట్టి పంపించేశాడు. జేబులోంచి ఆ రసీదు తీసి నా మొహాన పెట్టి, చదవమన్నాడు. నన్ను చదవమన్న మొదటి కాయితం అది. చదువుతుంటే కొట్టాడు." ఊపిరి తీసుకుంది. "మిల్లు ఇంకా నా పేరునే ఉంది. పేరునే."

కట్టున్న చెయ్యి ఒళ్ళోకి సర్దుకుంది.

"మిమ్మల్ని తిట్టడానికి రాలేదండీ. అడగడానికొచ్చాను. మీరు డబ్బు లెక్కపెట్టి పెట్టెలో వేసుకున్నారు. కిమ్మనలేదు. గోతాల వ్యాపారంలో అలా వేసుకుంటే ఒప్పుకున్నట్టేనని మా మిల్లు గుమాస్తా చెబితేనే, ధైర్యంగా ఇంటికెళ్ళాను. మాటిచ్చి ఎందుకు తప్పారు?"

నా దగ్గర జవాబులున్నాయి. చట్టం ఉంది, ప్లీడరుగారి మాట ఉంది, తపస్సుకాలం ఉంది. ఇంకా లోపల ఆ మూడు మెట్లున్నాయి. తప్పు చేశానమ్మా అన్న మాట కూడా ఉంది, అది గొంతు దాకా వచ్చింది. ఆ చిట్లిన పెదవి చూస్తే నాకు సిగ్గేసింది. సిగ్గేసిన మనిషికి కోపం ముందొస్తుంది. నేను ఆవిడ చెయ్యి వంక చూడకుండా, గల్లాపెట్టె వంక చూస్తూ నోరు తెరిచాను.

"కాయితం ఉందా?" అన్నాను.

దబ్బనాలు ఆగిపోయాయి. ఉయ్యూరు మిల్లులో కుర్చీలోంచి లేవకుండా తిరుపతిరావు అన్నట్టే అన్నాను, అదే సాగతీతతో. నా గొంతు నాకే కొత్తగా వినిపించింది.

ఛాయాదేవి ఖాళీ గ్లాసు జాగ్రత్తగా కింద పెట్టింది. చెంగుతో మూతి తుడుచుకుంది.

"లేదండీ" అంది.

కోర్టు బోనులో నిలబడి నేను చెప్పింది కూడా ఆ ఒక్క మాటే.